ఘటసర్పం నోట్లో కొంగు

మా మేడం పోయారన్న కబురు నాకు కొత్తకోటలో, గురుకులం భోజనశాలలో తెలిసింది. పిల్లల కంచాల్లో పప్పు సరిగ్గా పడుతోందా లేదా అని చూస్తూ నిలబడి ఉండగా ఫోన్ మోగింది. చేసింది మేడం వాళ్ళాయన. మేమంతా ఆయన్ని సారు అనే పిలుస్తాం. సారు ఎప్పుడు ఫోన్ చేసినా ముందు బత్తాయి ధర చెబుతారు, తర్వాత మేడం షుగరు సంగతి చెబుతారు, ఆఖరున అసలు విషయానికి వస్తారు. ఆ రోజు ధర చెప్పలేదు. "బిడ్డా, మీ మేడం ఇగ లేదు. పొద్దుగాల దవాఖానల పోయింది" అన్నారు. నేనేమైనా అంటానేమో అని కాసేపు ఆగి పెట్టేశారు. ఎదురుగా ఉన్న పిల్ల "టీచర్, ఇంకొంచెం అన్నం" అంటే వడ్డించాను.

బస్సులు మారి నల్లగొండ చేరేసరికి పొద్దు వాలుతోంది. వాకిట్లో జనం నిండుగా ఉన్నారు గానీ, వాళ్ళ చూపులు మేడం మీద లేవు, గేటు మీద ఉన్నాయి. పాస్టర్ వస్తాడా, అయ్యగారు వస్తాడా అని చూస్తున్నారు. పక్కింటావిడ నన్ను పక్కకు పిలిచి అడగనే అడిగింది: "మీ మేడం వాళ్ళల్ల కలిసిందట గద. మరి బొంద పెడ్తరా, కాలవెడ్తరా?" మేడం ఎవరిలోనూ కలవలేదని చెప్పే ఓపిక నాకు లేకపోయింది. పాస్టరెవరూ రాలేదు. కట్టంగూరు దగ్గరి ఊరి నుంచి ఆమె తమ్ముళ్ళు వచ్చారు, పాడె మోశారు. వాళ్ళూ ఆ గేటు వైపు ఒకటి రెండుసార్లు చూడటం నేను గమనించాను.

ఈ అనుమానానికి కారణం మేడం చదువు. ఆమె నల్లగొండలో ఒక డిగ్రీ కాలేజీలో చరిత్ర చెప్పారు. రాష్ట్రం వచ్చిన కొత్తలో రిటైరయ్యారు. మొదటి నుంచీ ఆమె మనసంతా ఐరోపా మధ్యయుగాల క్రైస్తవ చిత్రాల మీదే ఉండేది. చర్చి గోడల మీద, చెక్క పలకల మీద, చేత్తో రాసిన గ్రంథాల అంచుల మీద ఆ కాలం వాళ్ళు వేసిన బొమ్మల్లో ఏ గుర్తుకు ఏ అర్థం, నెమలి ఎందుకు, చేప ఎందుకు, ఎద్దుకు రెక్కలెందుకు అన్నది ఆమె చదువు. చిన్నప్పుడు మిషన్ హాస్టల్లో ఉండి చదువుకున్నారట. అక్కడి వరండాలో ఒక బొమ్మ ఉండేదట. ఒకామె ఏదో జంతువు మీద నిలబడి ఉంటుంది. ఎవరు ఆమె అని అడిగితే, "అది పరీక్షలో రాదు, పో" అని సిస్టరమ్మ కసిరిందట. "ఆమె గప్పుడే చెప్పి ఉంటె నా తిప్పలు తప్పేటివి" అనేవారు మేడం. పాస్‌పోర్టు కూడా లేని మనిషి. ఆమె చూసినవన్నీ పుస్తకాల్లో, తర్వాత కంప్యూటర్లో వచ్చిన బొమ్మలే.

తమ్ముళ్ళు ఆమె మతం మారిందనుకున్నారు. చుట్టాలు పెళ్ళిళ్ళకు పిలుస్తూనే బొట్టు పెట్టడానికి వెనకాడేవారు. మేడం చెయ్యి చాపి కుంకుమ భరిణె తానే అందుకుని పెట్టుకునేవారు. "పురుగుల మీద డాక్టరేట్ చేసినాయన పురుగైతడా?" అని ఆమె అడిగేవారు. పోనీ చర్చి వాళ్ళైనా దగ్గరకు తీశారా అంటే అదీ లేదు. మా పక్క ఊళ్ళలో ఉన్న సంఘాల్లో చాలా వాటికి బొమ్మలంటే పడదు. ఒకసారి ఒక సంఘ పెద్ద ఆమె గదిలో గోడల నిండా ఉన్న పునీతుల, అంటే క్రైస్తవులు కొలిచే సాధువుల, బొమ్మలు చూసి, "మాకు ఇవి పాపం అమ్మా" అని చెప్పులేసుకుని వెళ్ళిపోయాడు. ఇటు అనుమానం, అటు అభ్యంతరం. మధ్యలో మేడం చక్కెర లేని చాయ్ తాగుతూ కూర్చునేవారు. నవ్వేవారు గానీ, ఆ నవ్వులో ఎంత ఒంటరితనం ఉండేదో నాకు చాలా ఆలస్యంగా తెలిసింది.

ఆదివారం పొద్దున ముందుగదిలో క్లాసు. ఫీజు లేదు, సర్టిఫికెట్టూ లేదు. అందుకే నలుగురైదుగురికి మించి ఎప్పుడూ రాలేదు. తెల్ల సున్నం వేసిన గోడ మీద ప్రొజెక్టరుతో బొమ్మ వేసేవారు. ఆ గదిలో "అద్భుతం" అనే మాట నిషేధం. "అద్భుతమన్నవంటె ఏం చూడలేదన్నట్టే" అనేవారు. నేను ఎం.ఏ. చదువుతూ మొదటిసారి వెళ్ళిన రోజున గోడ మీద సిలువ బొమ్మ ఉంది. కొడుకు సిలువ మీద, తల్లి కింద నిలబడి ఉంది. ఏం కనబడుతోందో చెప్పమన్నారు.

"తల్లి ఏడుస్తోంది మేడం" అన్నాను.

"కన్నీళ్ళు ఏడున్నయో చూపెట్టు."

లేచి గోడ దగ్గరకు వెళ్ళి వెతికాను. బొమ్మ నా వీపు మీద పడింది. వెనక ఎవరో కిసుక్కుమన్నారు. కన్నీళ్ళు లేవు. ఆ తల్లి ముఖం మామూలుగానే ఉంది.

"మరి ఏడుస్తున్నదని ఎవలు చెప్పిన్రు?"

"కొడుకు చచ్చిపోయాడు కదా మేడం."

"గది నీకు తెలిసిన ముచ్చట. గోడ మీద ఉన్నది గాదు. ఉన్నది చెప్పు. నీకు కావాల్సింది తర్వాత చెప్పుకుందువు తియ్యి."

నాకు ఒళ్ళు మండింది. ఇంకెప్పుడూ రాకూడదనుకున్నాను. అయినా పట్టుదల కొద్దీ మళ్ళీ చూశాను. తల్లి కుడిచేత్తో తన ఎడమ మణికట్టును పట్టుకుని ఉంది. అదే చెప్పాను. "ఆఁ, గిప్పుడు చూసినవ్" అన్నారు మేడం. ఆ కాలపు చిత్రకారులు దుఃఖాన్ని తరచుగా కంట్లో కాకుండా చేతిలో పెట్టేవారని, తన చేతిని తానే పట్టుకున్న మనిషికి ఇక పట్టుకోవడానికి ఎవరూ మిగల్లేదని అర్థమని చెప్పారు. మరుసటి ఆదివారం అందరికన్నా ముందు వెళ్ళి కూర్చున్నాను.

ఇంకొక రోజు గుర్తుంది. దసరా రోజులు. క్లాక్ టవర్ దాటి ఆటోలో పోతున్నాం. దారి పక్క మండపంలో అమ్మవారిని నిలబెట్టారు. మేడం ఆటో ఆపించి నన్ను చేతులు చూడమన్నారు. శూలం, చక్రం, ఖడ్గం. "మన తల్లి చేతులల్ల ఉన్నవి ఆమె వాడినవి. వాళ్ళ పునీతుల చేతులల్ల ఉన్నవి వాళ్ళ మీద వాడినవి" అన్నారు. చక్రం మీద హింసలు పడిన ఆమె చక్రం పట్టుకుని ఉంటుంది. బాణాలతో కొట్టబడినవాడు బాణాలు పట్టుకుంటాడు. చర్మం ఒలిపించుకున్నవాడి చేతిలో కత్తి. మనం ఆయుధం చూసి ఏ దేవతో పోల్చుకుంటాం, వాళ్ళు గాయం చూసి ఏ పునీతుడో పోల్చుకుంటారు. ఆటో అబ్బాయి ఇదంతా విని వెనక్కి తిరిగి, "మరి గట్లయితె వాళ్ళు ఓడిపోయినట్టే గద మేడం?" అన్నాడు. ఇల్లు రాబోతుండగా మేడం, "గదే నేను ఇన్నేండ్ల సంది అడుగుతున్న తమ్మీ" అన్నారు.

షుగరు ముందు ఆమె కళ్ళను తిన్నది, తర్వాత మూత్రపిండాలను. హైదరాబాదు తీసుకెళ్ళి లేజర్లు పెట్టించారు, సూదులు వేయించారు. మొదట చిన్న గుర్తులు పోయాయి, తర్వాత ముఖాలు, ఆఖరున గోడ మీద వెలుగు ఉందో లేదో కూడా తెలియకుండా పోయింది. బొమ్మలు చూడటమే బతుకుగా పెట్టుకున్న మనిషికి ఇంతకన్నా పెద్ద శిక్ష ఏముంటుందో నాకు తెలియదు. నేను దేవుణ్ణి తిట్టాను. ఏ దేవుణ్ణి అని మాత్రం అడగకండి.

అప్పుడు సారు కుర్చీ లాక్కుని ప్రొజెక్టరు పక్కన కూర్చున్నారు. బత్తాయి తోటలు, బత్తాయి బేరాలు తప్ప వేరే ఏదీ పట్టని మనిషి. కాయను చేతిలో పెట్టుకుని లోపల రసం ఎంతుందో చెప్పగలరు గానీ, అంతవరకూ ఆయనకు బొమ్మ అంటే ఎరువుల దుకాణం వాళ్ళిచ్చే క్యాలెండరే. ఇక నుంచి ఆమెకు బొమ్మలు ఆయన చెప్పాలి. ఆ క్లాసులు తలుచుకుంటే ఇప్పటికీ నవ్వొస్తుంది.

"ఎద్దున్నది. రెక్కలున్నయి."

"కాళ్ళల్ల ఏమున్నది?"

"పుస్తకమున్నది. ఏమే, రెక్కలున్న ఎద్దును నాగలికి ఎట్ల కడ్తరు?"

"నాగలికి కట్టరు. అది సువార్త రాసినాయన గుర్తు. ముందుకు నడువు."

మరోసారి గొర్రెపిల్ల. ఆ బొమ్మల్లో గొర్రెపిల్ల అంటే క్రీస్తు. "బక్కది. ముందటి కాలు ఎత్తి జెండా పట్టుకున్నది. రొమ్ములకెళ్ళి రక్తం గిన్నెల పడుతాంది. గంత బాధల గూడ నవ్వుకుంట నిలవడ్డది" అన్నారు సారు, కాస్త మనసు కరిగి. మేడం తల ఇటు తిప్పారు. "నవ్వుతున్నదా? మూతి ఎట్లున్నది?" సారు కళ్ళద్దాలు సర్దుకుని మళ్ళీ చూసి, "మామూలుగనే ఉన్నది" అని ఒప్పుకున్నారు. "మరి నవ్వుతున్నదని ఎందుకన్నవ్? ఉన్నది చెప్పుమన్న గద." మా అందరి ముందు ఆయనకు చీవాట్లు పడ్డాయి. సారు నొచ్చుకోలేదు. మెల్లగా నేర్చుకున్నారు. కొన్నాళ్ళకు ఆయన నోట "ఏమో కనవడుతలేదు, గీ మూలకు చెదలు తిన్నట్టున్నది" అన్న మాట కూడా వచ్చింది. అది విని మేడం ఎంత పొంగిపోయారో చెప్పలేను.

ఇక మేడంను జీవితమంతా వెంటాడిన బొమ్మ సంగతి చెప్పాలి. హాస్టలు వరండాలో చూసిన ఆమె సంగతి. ఆమె ఒక పునీతురాలు. కథ ప్రకారం ఘటసర్పం, ఇంగ్లీషులో డ్రాగన్ అంటారే అది, ఆమెను చెరసాలలో నిలువునా మింగేసింది. చేతిలో ఉన్న సిలువతో దాని వీపు చీల్చుకుని ఆమె బయటికి వచ్చింది. ఆ దేశాల్లో కాన్పు నొప్పులు పడే ఆడవాళ్ళు ఈమెనే మొక్కేవారు. ఈమె కథ రాసిన తోలుకాగితాన్ని కడుపు మీద పెట్టుకునేవారు. చాలా బొమ్మల్లో ఆమె సర్పం వీపులోంచి పైకి లేచి చేతులు జోడించి ఉంటుంది, ఆమె బట్ట కొస మాత్రం ఇంకా దాని నోట్లోనే ఉంటుంది. మింగడం, బయటపడటం రెండూ ఒకే బొమ్మలో. మేడం ఆ బట్ట కొసను కొంగు అనే అనేవారు. "బయట పడ్డది. గని కొంగు దాని నోట్లనే ఉన్నది. కాన్పయిన ఏ ఆడిదాన్నన్న అడుగు, గిది నిజమా కాదా చెప్తది" అనేవారు.

ఆమె చదివిన పుస్తకాల్లో చాలావరకు, ఆ కొంగు తరువాతి కాలపు చిత్రకారులు చమత్కారానికి చేర్చిందని రాసి ఉండేది. మేడం ఒప్పుకోలేదు. అది చమత్కారం కాదని, కాన్పు భయం తెలిసిన ఆడవాళ్ళ కోసం మొదటి నుంచీ వేస్తూ వచ్చారని ఆమె నమ్మకం. నమ్మకం ఉంటే సరిపోదు, సాక్ష్యం కావాలి. అంతకు ముందు కాలపు బొమ్మ ఒక్కటైనా దొరకాలి. దాని కోసం ఎన్ని దేశాల వాళ్ళకు మెయిళ్ళు పెట్టారో. ఒకరోజు నాతో అన్నారు: "మిగిలిందంత ఒకలు చెప్పింది నేను మళ్ళ చెప్పిన. గిది ఒక్కటే నాది. నిజమని తేలితే."

అప్పటికి నన్ను, నేను టీచరుగా చేరిన మోత్కూరు నుంచి కొత్తకోట గురుకులానికి బదిలీ చేశారు. సెలవులు దొరికితే తప్ప నల్లగొండ వెళ్ళడం కుదిరేది కాదు. ఒక సాయంత్రం మేడం ఫోను. డయాలసిస్ మొదలైన రోజులవి, ఎప్పుడు మాట్లాడినా గొంతు నూతిలోంచి వచ్చినట్టుండేది. ఆ రోజు మాత్రం గదంతా వినబడేలా మాట్లాడారు. ఏదో కొండ ఊళ్ళో చిన్న ప్రార్థనా మందిరం గోడ మీద సున్నం గీకితే పాత బొమ్మ బయటపడిందట. ఆమెతో ఉత్తరాలు నడిపే ఒక పరిశోధకురాలు ఆ ఫోటో పంపిందట. "ఉన్నది! కొంగు ఉన్నది! సారు కండ్లార చూసి చెప్పిండు" అన్నారు. నాకు కళ్ళలో నీళ్ళు తిరిగాయి. ఫోటో పంపమని సారును అడిగితే, పెద్ద ఫైలు, ఫోన్లో పోవడం లేదన్నారు. నేనూ మళ్ళీ గుర్తు చేయలేదు. మేడం చెబుతుంటే సారు దాని మీద వ్యాసం రాశారు, డి.టి.పి. చేయించారు. మీరు చదువుతున్న ఈ పత్రిక సంపాదకులు వేస్తామన్నారు. ఆ అచ్చును చేత్తో తడిమి చూసుకునే భాగ్యం కూడా ఆమెకు దక్కలేదు.

దినాలు అయిన తర్వాత సంపాదకులు నాకు ఆ వ్యాసం ప్రూఫు పంపి తప్పులు చూడమన్నారు, వ్యాసంతో పాటు వేయడానికి ఫోటో, దాని పక్కన నాలుగు మాటల స్మృతి కూడా అడిగారు. సారు పెన్‌డ్రైవ్ పంపించారు. బడి కంప్యూటర్ గదిలో బొమ్మ తెరిచాను. మసకబారిన గోడ. పునీతురాలు సర్పం మీద నిలబడి ఉంది. ఆమె తెల్లటి బట్ట ఎక్కడా తెగకుండా పాదాల దాకా దిగింది. సర్పం నోట్లో ఎర్రగా ఏదో ఉంది. పెద్దది చేసి చూశాను. కొస దగ్గర రెండుగా చీలి ఉంది. ఇంకా పెద్దది చేశాను. నా కళ్ళను నేనే నమ్మలేక మా డ్రాయింగ్ టీచర్‌ను పిలిచి, ముందు వెనక ఏమీ చెప్పకుండా, దాని నోట్లో ఏముందో చెప్పమన్నాను. "నాలుక. పాము నోట్ల నాలుక గాక ఇంకేముంటది?" అని ఆమె నన్ను వింతగా చూసింది.

వ్యాసంలో మాత్రం మేడం ఇలా రాయించారు: సర్పం నోట్లో ఎర్రటి కొంగు స్పష్టంగా ఉంది, దానికి ఆకుపచ్చ అంచు ఉంది. ఆ గోడ మొత్తం వెతికినా నాకు ఆకుపచ్చ కనబడలేదు. వ్యాసమంతా ఆ ఒక్క వాక్యం మీద నిలబడి ఉంది. దాన్ని తీసేస్తే, "గిది ఒక్కటే నాది" అని ఆమె అన్నది కూడా పోతుంది. ఉంచితే, చూడనిది చూశానని అచ్చు వేసుకున్న పండితురాలిగా మిగిలిపోతారు. కన్నీళ్ళు లేని చోట కన్నీళ్ళున్నాయన్నందుకు నన్ను గోడ దాకా నడిపించిన మనిషి. సారు మీద పీకల దాకా కోపం వచ్చింది.

ఆదివారం నల్లగొండ వెళ్ళాను. సారు ముందుగదిలో ఒక్కరే ఉన్నారు. నాకోసం బత్తాయి ఒలిచారు. నేను తినలేదు. లాప్‌టాప్ తెరిచి ఆయన ముందు పెట్టాను.

"సారూ, దీని నోట్లో ఏముంది?"

ఆయన కళ్ళద్దాలు కూడా పెట్టుకోలేదు. "నాలుక" అన్నారు.

నేను ఏమీ అనకముందే చెప్పుకుపోయారు. "ఆమె ఎట్ల అడిగిందో నువ్వు చూడలే బిడ్డా. గా పొద్దు దవాఖాన నుంచి వచ్చినం. కూసుండ చాతనైతలేదు. ఫోటో వచ్చిందంటె లేచి కూసున్నది. నోట్ల ఏమున్నదన్నది. ఎర్రగున్నదన్న. నాలుక అందామని నోరు తెరిచిన. గంతల్నే 'ఎర్రగనా? గదే! గదే కొంగు' అన్నది. గా మొఖం చూసి కాదని ఎట్లంటరు? ఔ అన్న."

"తర్వాతైనా చెప్పాల్సింది."

"ఎప్పుడు చెప్పాలె? రాసేటప్పుడా? పత్రికోళ్ళు ఏస్తమన్నప్పుడా? గడిసినకొద్ది నోరు రాలే. కాయ కుళ్ళితె ఒక్కనాడే పారేయాలె బిడ్డా. రేపు చూద్దామంటె గంపంత పోతది."

తర్వాత ఆయన గొంతు తగ్గించి, గోడలకు వినబడకూడదన్నట్టు, "ఏసెయ్యి బిడ్డా. గా దేశమోళ్ళు తెలుగు చదువుతరా? ఎవలకు తెలుస్తది? బతికినన్ని దినాలు అందరు అనుమానపడ్డరు. పోయినంక గూడ తప్పు పట్టిస్తవా?" అన్నారు.

"మేడం ఒప్పుకునేవారా సారూ?"

ఆయన తల దించుకున్నారు. చేతిలో బత్తాయి తొక్క ముక్కలు ముక్కలు చేశారు. "ఒప్పుకోకపోయేది. నన్ను ఇంట్లకెళ్ళి ఎల్లగొట్టేది" అన్నారు. కళ్ళు తుడుచుకున్నారు. "గట్లయితె ఒక పని చెయ్యి. ఆమె తప్పు చూసిందని రాయకు. ఆమె చూడనే లేదు. చూసినోడు వేరే ఉన్నడు, వాడు అబద్ధమాడిండని రాయి."

అందుకే ఈ సంచికలో మేడం వ్యాసాన్ని ఒక్క అక్షరం మార్చకుండా వేయించాను. బొమ్మను వీలైనంత పెద్దగా వేయమన్నాను. చదివే మీరు దాన్ని చూడండి. సర్పం నోట్లో ఉన్నది నాలుక. ఆమె ప్రశ్న మాత్రం తప్పు కాదు. ఆ కొంగు ఎప్పుడు మొదలైందో, ఎవరి కోసమో, ఈ బొమ్మ చెప్పలేదు, అంతే. ఇంకే గోడ మీదైనా సున్నం కింద ఉండవచ్చు, లేకపోనూవచ్చు. వెతికేవాళ్ళు ఎవరైనా ఉంటే వెతకండి.

ఇంతటితో ఆపితే నా మనసు కుదుటపడేది. కానీ ఆ రోజు లేచి వస్తూ సారును ఇంకొకటి అడిగాను. కొంగు సరే, ఆకుపచ్చ అంచు ఎక్కడి నుంచి వచ్చిందని.

సారు గుమ్మం దగ్గర నిలబడి చెప్పారు. "అంచు ఏ రంగని అడిగింది. నాకేం తెలుసు? గా పొద్దు ఆమె ఎర్ర గద్వాల చీర కట్టుకోనున్నది, ఆకుపచ్చ అంచుది. దాన్ని చూసి చెప్పిన."

కళ్ళు పోయినప్పటి నుంచీ పొద్దున్నే చీర తీసి చేతికిస్తూ రంగు, అంచు చెప్పడం సారుకు అలవాటు. చెప్పనిదే మేడం కట్టుకునేవారు కాదు. ఆ పొద్దున కూడా చెప్పే ఇచ్చారట.

"మేడం ఏమన్నారు?"

"ఏమనలే. తన కొంగు ఒళ్ళెకు తెచ్చుకున్నది. గా జరీ పొంటి వేళ్ళు పెట్టి చివరి దాక తడుముకుంట పోయింది, మళ్ళ ఎనుకకొచ్చింది. నా దిక్కు మొఖం తిప్పింది, నేను కనవడుతున్నట్టే. ఇగ అడుగుతదేమో అనుకున్న. అడుగలే."

"మరి?"

"'రాసుకో' అన్నది. 'ఎర్ర కొంగు, ఆకుపచ్చ అంచు, రాసుకో' అన్నది."